చిన్నమ్మ వాయిదాకు నేను పోని రోజు

మా ఇంట్లో నల్లకోటు వేసుకున్న మొదటి మనిషిని నేనే. బాపు శేరిగూడలో ఒక ఇంజనీరింగ్ కాలేజీ బస్సు నడిపేవాడు. రోజూ బస్సు నిండా ఇంజనీరు పిల్లలను ఎక్కించి దించే మనిషికి ఆ చదువు మీద పెద్దగా మోజు మిగల్లేదు. "అందరు ఇంజనీర్లే. మన దిక్కు వకీలు ఒక్కడన్న ఉన్నడా? నువ్వు గది చదువు" అన్నాడు. ఇబ్రహీంపట్నంలో డిగ్రీ అయ్యాక లాసెట్ రాశాను. నగరంలో ఒక కాలేజీలో మూడేళ్ల లా కోర్సులో సీటు వచ్చింది.

చివరి ఏడాదికొచ్చేసరికి క్యాంటీన్‌లో మా ముచ్చటంతా ఒకటే, చదువు అయ్యాక ఎవరెటు పోతారని. ఒకడు జూనియర్ సివిల్ జడ్జి పరీక్షకు చదువుతున్నాడు. ఒకడు పబ్లిక్ ప్రాసిక్యూటర్ నోటిఫికేషన్ ఎప్పుడు పడుతుందా అని చూస్తున్నాడు. నాకు కంపెనీ కావాలి. ఏసీ గది, నెలనెలా జీతం, మెడలో ట్యాగు. కోర్టు వరండాల్లో చెమటలు కక్కుతూ నిలబడటం నా వల్ల కాదని అందరికీ చెప్పేవాణ్ణి.

బడంగ్‌పేట్ నుంచి వచ్చే ఒక అమ్మాయి మా క్లాసులో ఉండేది. ఆమె వంతు వచ్చినప్పుడు ఉచిత న్యాయ సహాయంలో పనిచేస్తానంది. నేను నవ్వాను.

"ఫ్రీగ కేసులు చూస్తందుకు మూడేండ్ల చదువెందుకు? గుడి కాడ కూసున్నా అయితది" అన్నాను. బల్ల చుట్టూ ఉన్నవాళ్లంతా నవ్వారు.

ఆమెకు కోపం రాలేదు. "ఏం లేనోళ్లకు గూడ వకీలు కావాలె గద" అని టీ తాగేసి క్లాసుకు పోయింది.

వకీలుగా పనిచేయడానికి బార్ కౌన్సిల్ ఇచ్చే సన్నదు చేతికొచ్చాక తెలిసింది, మా కాలేజీలో చదివినవాణ్ణి ఏ కంపెనీ పిలవదని. అనుభవం ఉందా అని అడిగేవాళ్లు. అందుకని ఇబ్రహీంపట్నం కోర్టులో ఒక సీనియర్ దగ్గర జూనియర్‌గా చేరాను. ఆయన ఫైళ్లు మోయడం, ఆయన రాకముందే పేరు పిలిస్తే లేచి సమయం అడగడం నా పని. ఏడాదిన్నరలో నేను బాగా నేర్చుకున్నది ఆ ఒక్కటే, లేచి నిలబడి సమయం అడగడం.

ఆ రోజుల్లోనే చిన్నమ్మ వచ్చింది. మా అమ్మకు చెల్లెలు. యాచారం దగ్గర ఊరు. బాబాయి పోయి చాలా ఏళ్లయింది. పిల్లల్లేరు. ఎకరన్నర చెల్క ఉంది, వానల మీద ఆధారపడ్డ భూమి. పత్తి వేసి, నడుమ కంది సాళ్లు పెట్టేది. ఫార్మా కంపెనీల కోసం భూములు తీసుకుంటారన్న మాట మొదలయ్యాక ఆ చుట్టుపక్కల మట్టికి ఎక్కడలేని విలువ వచ్చింది. అన్నాళ్లూ ఆ చెల్క వైపు తొంగి చూడని బాబాయి అన్న కొడుకులు, అది తమ తండ్రి వాటా అని దావా వేశారు. కోర్టు నుంచి వచ్చిన సమన్లను చిన్నమ్మ విత్తనాల కవర్లో చుట్టి, కొంగులో పెట్టుకుని మా ఇంటికి తెచ్చింది.

"మా సీనియర్ సారుకు ఇద్దాం చిన్నమ్మా" అన్నాను.

"నువ్వుండంగ ఇంకొకలెందుకు బిడ్డా. నువ్వే చూడు" అంది.

వకాలతు మీద మెల్లగా, ఒక్కో అక్షరం దిద్దుకుంటూ సంతకం పెట్టింది. కింద నేను పెట్టాను. నా పేరు మీద అది మొదటి కేసు. కోర్టుకు తీసుకుపోయిన మొదటి రోజు ఆమెను వరండాలో బెంచీ మీద కూర్చోబెట్టి, పెద్ద వకీలులాగా చెప్పాను. "ఈడ ఎవలతోని ఏం మాట్లాడకు. నేను పిలిస్తెనే లోపలికి రావాలె. నువ్వు ఒకటి అనబోయి ఇంకొకటి అంటే కేసు ఖరాబైతది."

"అట్లనే బిడ్డా" అంది.

ఆ దావాకు మేం రాతపూర్వకంగా జవాబు వెయ్యాలి. అది పెద్ద పనేం కాదు. పాస్‌బుక్కు, పహాణీ నకళ్లు, బాబాయి పేరున ఉన్న పాత కాగితాలు అన్నీ చిన్నమ్మ మూడో రోజే తెచ్చి ఇచ్చింది. ఒక పూట కూర్చుంటే అయిపోయేది. నేను కూర్చోలేదు. సొంతంగా జవాబు రాయడం రాదని సీనియర్‌ను అడగడానికి నామోషీ. రెండుసార్లు లేచి సమయం అడిగాను. రెండోసారి జడ్జిగారు తారీఖు రాస్తూ, "ఇదే ఆఖరు" అన్నారు.

ఆ వాయిదాకు వారం ముందు హైటెక్ సిటీలో ఒక కంపెనీ నుంచి ఇంటర్వ్యూకు పిలుపు వచ్చింది. లీగల్ ఎగ్జిక్యూటివ్ ఉద్యోగం. తారీఖు చూస్తే అదే రోజు. చేతిలో ఇంకా వారం ఉంది. ఆ వారమంతా కాంట్రాక్టు చట్టం నోట్సు తిరగేస్తూ కూర్చున్నాను. చిన్నమ్మ ఫైలు బల్ల మీదే ఉంది. దాని మీదే నోట్సు పెట్టి చదువుకున్నాను.

చిన్నమ్మకు ఫోన్ చేసి, "ఈ వాయిదాకు నువ్వు రావాల్సిన పని లేదు. నేనుంట గద" అన్నాను.

ఆ పొద్దున ఎల్బీ నగర్ దాటాక, బస్సులోంచి నాతోటి జూనియర్ ఒకతనికి మెసేజ్ పెట్టాను. నా కేసు పిలిస్తే లేచి సమయం అడగమని. అతను చూశాడో లేదో కూడా చూడలేదు. ఇంటర్వ్యూలో ఒకాయన, "కోర్టు అనుభవం ఏమన్నా ఉందా?" అని అడిగాడు. "సివిల్ కేసులు సొంతంగా చూస్తున్నాను సార్" అన్నాను.

తిరుగు బస్సులో ఫోన్ తీస్తే మెసేజ్ అట్లాగే ఉంది. అతను ఆ రోజు వేరే కోర్టుకు పోయాడట. సీనియర్ గుమస్తాకు ఫోన్ చేస్తే చెప్పాడు, కేసు పిలిచారని, మా తరఫున ఎవరూ లేవలేదని, ఎక్స్‌పార్టీ చేశారని. అంటే ఇక మేం లేకుండానే కేసు నడుస్తుంది. అవతలివాళ్లు చెప్పిందే సాక్ష్యం.

మర్నాడే వెళ్లి తప్పు ఒప్పుకుని పిటిషన్ వేస్తే సరిపోయేది. అట్లాంటివి కోర్టులో రోజూ జరుగుతాయి. సీనియర్ చేత నాలుగు మాటలు పడాల్సి వచ్చేది, అంతే.

సాయంత్రం చిన్నమ్మే ఫోన్ చేసింది. "ఏమైంది బిడ్డా?"

"ఏం కాలే చిన్నమ్మా. ఇయ్యాల జడ్జి సారు సెలవు. మల్ల వాయిదా పడ్డది."

కొంచెంసేపు ఏమీ వినిపించలేదు. తర్వాత, "అట్లనా. సరే బిడ్డా" అంది.

రెండు వారాలకు ఉద్యోగం వచ్చినట్టు ఉత్తరం వచ్చింది. జీతానికి చేరినవాడు ప్రాక్టీస్ చెయ్యకూడదు కాబట్టి సన్నదు బార్ కౌన్సిల్‌కు అప్పగించాను. సీనియర్ ఫైళ్లు సీనియర్‌కు ఇచ్చేశాను. చిన్నమ్మ ఫైలు మాత్రం ఎవరికీ ఇవ్వలేదు. ఇస్తే తెరుస్తారు. తెరిస్తే నేనేం చేశానో కనిపిస్తుంది. దాన్ని ఇంటికి తెచ్చి బీరువాలో, నా డిగ్రీ సర్టిఫికెట్ల కింద పెట్టాను. తర్వాత చిన్నమ్మ రెండు మూడుసార్లు అడిగింది. వాయిదా పడ్డదన్నాను. ఆ తర్వాత అడగడం మానేసింది. మానేసిందని నేను ఊపిరి పీల్చుకున్నాను.

ఏడాది తిరగకముందే డిక్రీ వచ్చింది. ఆ కాగితం పట్టుకుని వాళ్లు ట్రాక్టరుతో చెల్కలోకి దిగి హద్దురాళ్లు పాతారు. ఆ సంగతి నాకు చిన్నమ్మ చెప్పలేదు. ఒక మధ్యాహ్నం ఆఫీసులో ఉండగా లా కాలేజీలో నాతో చదివిన ఆ బడంగ్‌పేట్ అమ్మాయి ఫోన్ చేసింది. ఇబ్రహీంపట్నం కోర్టు ఆవరణలోనే న్యాయ సహాయం వకీలుగా పనిచేస్తోంది.

"మీ చిన్నమ్మ నా ముందల కూసున్నది. రేపు ఫైలు పట్టుకొని రా" అంది. ఫోన్ పెట్టేసింది.

మర్నాడు సెలవు పెట్టి పోయాను. చిన్న గది, ఒక బల్ల, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు. చిన్నమ్మ గోడ పక్క కుర్చీలో ఉంది. "వచ్చినవా బిడ్డా" అని పక్క కుర్చీ జరిపింది. నేను కూర్చోలేదు.

ఆ అమ్మాయి ఫైలు మొత్తం తిరగేసింది. పాస్‌బుక్కు నకలు, పహాణీలు అన్నీ ఉన్నాయి. లేనిది జవాబొక్కటే. మూసి పక్కన పెట్టి, "డిక్రీ కొట్టేయమని అడగాలంటే, ఆ రోజు ఎందుకు రాలేకపోయిన్రో కారణం చెప్పాలె. చెప్పు" అంది.

నేను గొంతు తగ్గించాను. "చిన్నమ్మకు ఆ టైంల జరం వచ్చిందని రాద్దాం. దవాఖాన చిట్టి నేను తెప్పిస్త."

చిన్నమ్మ విన్నది. "నాకు జరం రాలే బిడ్డా. ఆ దినం నేను గీడనే ఉన్న."

నాకు అర్థం కాలేదు. ఆ అమ్మాయి పెన్ను కింద పెట్టి, "చెప్పమ్మా" అంది.

"బ్యాంకు పనుండి ఇబ్రహీంపట్నం వచ్చిన. వాడు ఎట్లైన కోర్టుల ఉంటడు గద, అక్కకు అనపకాయలు ఇచ్చి పంపుదామని ఈడికొచ్చి బెంచి మీద కూసున్న. నా పేరు పిలిచిన్రు. మూడుసార్లు పిలిచిన్రు."

"మరి లేవకపోయినవా అమ్మా?"

"వాడు పిలిస్తెనే లోపలికి రమ్మన్నడు. నేను పోయి ఏమన్న అంటే ఖరాబైతదేమో అని లెవ్వలే. జరసేపు చూసి బస్సెక్కిన."

జడ్జి సెలవులో ఉన్నాడని నేను చెప్పినప్పుడు ఫోన్‌లో వచ్చిన ఆ కొంచెంసేపు మౌనం ఏమిటో అప్పుడు తెలిసింది.

"మరి నేను అబద్ధం చెప్పిననాడు ఎందుకు అడగలే చిన్నమ్మా?" అన్నాను. ఆ ప్రశ్న అడిగే హక్కు నాకు లేదని అంటుండగానే అనిపించింది.

"ఏమడుగుత బిడ్డా. నీకేదో తిప్పలొచ్చింది అనుకున్న. రేపో ఎల్లుండో నువ్వే చక్కబెడ్తవ్ అనుకున్న."

ఆ అమ్మాయి నా వైపు చూడలేదు. కాగితం ముందుకు లాక్కుని, "ఆమె మీద తప్పు పెట్టి రాయను. నీ అఫిడవిట్ కావాలె" అంది. నేను సరేనన్నాను. అప్పటికప్పుడు రాసింది. తారీఖు తెలుసని, అది ఆఖరి అవకాశమని కూడా తెలుసని, సొంత పని మీద పోయానని, ఆ తర్వాత నా కక్షిదారుకు అబద్ధం చెప్పానని. రాసి నా చేతికిచ్చి, "ఆమెకు తెలుగుల చదివి వినిపించు. తర్వాత సంతకం పెట్టు" అంది.

చదివాను. రెండు చోట్ల ఆగాను. చిన్నమ్మ తల వంచుకుని విన్నది. అంతా అయ్యాక ఆ అమ్మాయిని అడిగింది. "గంత రాయాల్నా బిడ్డా? వీని కొల్వుకు ఏమన్న అయితదా?"

"ఏం కాదమ్మా" అంది ఆమె.

సంతకం పెట్టాను. నా చెయ్యి వణికిందని చెప్పుకుంటే నాకే బాగుంటుంది. కానీ వణకలేదు. మామూలుగానే పెట్టాను. బయటికొచ్చి చెప్పులు వేసుకుంటున్నప్పుడు మాత్రం ఏ చెప్పు ఏ కాలుదో కాసేపు తెలియలేదు.

పిటిషన్ విచారణకు వచ్చిన రోజు నేను కోటు లేకుండా, మామూలు చొక్కాలో ఆ హాల్లో నిలబడ్డాను. నాతో ఎన్నోసార్లు టీ తాగిన వకీలే అవతలి పక్షం. ఆయన నా అఫిడవిట్‌ను బిగ్గరగా చదివాడు. వెనక బెంచీల్లో నా సీనియర్ ఉన్నారు. జడ్జిగారు కాగితం చూసి, "ఈ సంతకం మీదేనా?" అన్నారు.

"నాదే సార్."

వకాలతు తిప్పి చూపించారు. "ఇదీ మీదే కదా."

"అవును సార్."

ఆయన ఇంకేం అనలేదు. అంటే బాగుండేది. పిటిషన్‌ను అనుమతించారు. డిక్రీ పోయింది, వాళ్లు చెల్కలోంచి తప్పుకోవాల్సి వచ్చింది, కేసు మళ్లీ మొదటికి వచ్చింది. సీనియర్ నా పక్కనుంచే బయటికి నడిచారు. ఆగలేదు.

వరండాలో ఆ అమ్మాయిని ఆపాను. "అప్పుడు క్యాంటీన్ల నేనన్న మాట..." అని మొదలుపెట్టాను.

"ఏం మాట?" అంది. ఆమెకు నిజంగానే గుర్తు లేదు. "పాస్‌బుక్కు అసలుది ఇంట్ల ఉన్నదా, నీ దగ్గరనా? గది రేపు కావాలె" అని ఇంకొకరి ఫైలు పట్టుకుని లోపలికి పోయింది.

నేను ఇప్పటికీ ఆ కంపెనీలోనే ఉన్నాను. ఒప్పందాలు సరిచూడటం, నోటీసులు రాయడం. పని బాగానే చేస్తానని పేరుంది. మా చుట్టాల్లో నేను పెద్ద కంపెనీ లాయరును. పోయిన ఏడాది నేను డిగ్రీ చదివిన కాలేజీవాళ్లు, లా తర్వాత ఉన్న దారుల గురించి పిల్లలకు చెప్పమని పిలిచారు. జడ్జి పరీక్షలు, ప్రాసిక్యూటర్, బ్యాంకుల్లో లా ఆఫీసరు, కంపెనీలు, పాఠాలు చెప్పడం, న్యాయ సహాయం, అన్నీ వివరంగా చెప్పాను. ముందు వరుసలో ఒక పిల్ల లేచి, "నువ్వు ప్రాక్టీస్ ఎందుకు ఇడిసిపెట్టినవ్ అన్నా?" అని అడిగింది.

"మంచి అవకాశం వచ్చిందమ్మా" అన్నాను. అందరూ చప్పట్లు కొట్టారు.

చిన్నమ్మ మీద అవతలివాళ్లు వేసిన దావాను ఈ మధ్యే కోర్టు కొట్టేసింది. తీర్పు రోజు ఆమె ఒక్కతే బస్సులో పోయి, ఒక్కతే తిరిగొచ్చింది. నాకు చెప్పలేదు. నాలుగు రోజుల తర్వాత మాటల్లో అమ్మ చెప్పింది. ఫోన్ చేశాను.

"గెలిచినవంట గద చిన్నమ్మా."

"అవ్ బిడ్డా. ఆ పిల్ల మంచిగ చెప్పింది సారుకు."

"నాకు ఒక మాట చెప్పకపోయినవా?"

"నీకు ఆఫీసుంటది గద" అంది. అందులో దెప్పు లేదు. నేను ఎంత వెతికినా లేదు. "అక్కకు మోకాళ్లు నొస్తున్నయన్నది, ఎట్లున్నది ఇప్పుడు?"

బాగానే ఉందన్నాను. పత్తి ఏరడానికి మనుషులు వచ్చారని, మళ్లీ మాట్లాడతానని ఫోన్ పెట్టేసింది.