దొరల ఓడ దొరికిన రోజు

2023 ఎండాకాలం. మైపాడుకు ఉత్తరాన ఒక పల్లెపాలెం. అక్కడ కొత్త చేపల రేవు కట్టాలని సముద్రం అడుగు సర్వే చేస్తున్నాం. నా పని సైడ్‌స్కాన్ సోనార్ చూడటం. పడవ వెనక నీళ్ళలో లాగే ఆ పరికరం శబ్దాన్ని పంపుతుంది. అది అడుగున గట్టి వస్తువుకు తగిలి తిరిగొస్తే తెర మీద మెరుస్తుంది. మా కొడవలూరులో మడి దున్నినట్టు సాలు వెంట సాలు తిరగాలి. మహా విసుగు పని.

మేం వెళ్ళిన వారంలోనే పోలయ్య అనే జాలరి ఫైబర్ పడవతో సహా గల్లంతయ్యాడు. అతని భార్య రవణమ్మ రోజూ ఒడ్డున మా కోసం కాచుకునేది.

"అన్నా, మీ పెట్టెలో అంతా కనపడతాదంట గదా. మా ఆయన యాడుండాడో చూడన్నా. కంటితో చూడందే కర్మ చెయ్యనియ్యను."

"చూస్తానమ్మా" అనేవాణ్ణి. ఏం చెప్పను మరి? ఫైబర్ పడవ బురదలో కూరుకుపోతే నా తెరకు అందడం కష్టమని ఆమెతో ఏ నోటితో అనాలి?

మా పడవ నడిపేది ఆమె తమ్ముడు శీను. ఒక మధ్యాహ్నం తెర మీద పడవ ఆకారం మెరిసింది. "బావ పడవే!" అని అరిచి అక్కకు ఫోన్ కొట్టేశాడు. "ఆగరా, ఇది చాలా పెద్దది" అని మొత్తుకున్నా వినలేదు. మేం వచ్చేసరికి పాలెమంతా ఇసుకలో ఉంది. రవణమ్మ నడుం లోతు నీళ్ళలోకి ఎదురొచ్చింది.

మర్నాడు డైవర్లు దిగారు. తుప్పు పట్టిన ఇనుప చట్రం, బాయిలరు. తెల్లదొరల కాలపు ఆవిరి ఓడ. దొరలు గీసిన పాత సముద్రపు చార్టులో ఆ దాపునే మునిగిన ఓడ గుర్తు ఉంది, పక్కన 'పి.డి.' అని రాసి. అంటే పొజిషన్ డౌట్‌ఫుల్, చోటు కచ్చితంగా తెలియదని. మా ఆఫీసు సంబరం చూడాలి! ఓడ ఫొటోల కోసం అదనపు రోజులిచ్చారు. సర్వే హద్దు దాటి, పోలయ్య వల వేసే వైపు రెండు సాళ్ళు తిరుగుతామంటే మాత్రం "అది మన పని కాదు" అన్నారు. ఒళ్ళు మండిపోయింది. అయినా వాళ్ళ మాటే చెల్లింది.

"దొరల ఓడకి గుర్తు పెట్టినారే! మొన్న పొయినోడికి ఎవురూ పెట్టరా అన్నా?" అంది రవణమ్మ.

సముద్రాన్ని చూడటమంటే ఉన్నదంతా చూడటమే అనుకునేవాణ్ణి. మమ్మల్ని పంపినవాళ్ళకు ఏది కావాలో అదే చూస్తామని ఆ పాలెంలో తెలిసింది.

చివరికి పెద్దలు దర్భతో బొమ్మ చేసి, దానికి పోలయ్య చొక్కా తొడిగి, ఒడ్డున నిప్పు పెట్టారు. శవం దొరకని వాళ్ళకు అదే ఆనవాయితీ. ఇద్దరు ఆడవాళ్ళు పట్టుకున్నా రవణమ్మ విదిలించుకుని నా దగ్గరికి పరుగెత్తుకొచ్చింది.

"అది గడ్డి బొమ్మన్నా! ఆయన ఇంకా నీళ్ళలోనే ఉండాడని నువ్వైనా చెప్పు వీళ్ళకి!"