రాజు దూకిన ఆట

గ్రాండ్‌మాస్టర్‌తో చదరంగం డ్రా చేసిన మొనగాణ్ణి నేనొక్కణ్ణేనని గోదావరిఖని చాయ్ హోటల్లో చెప్పుకోని రోజు లేదు. దేశదేశాల్లో కప్పులు గెలిచిన అమ్మాయి మా క్లబ్బుకొచ్చి, ఒకేసారి గదినిండా మనుషులతో ఆడింది. నాకు చెక్ పెట్టగానే రాజును గుర్రంలా దూకించాను. బొగ్గుబాయి మీద మేమాడే ఆటలో రాజుకు ఒక్కసారి ఆ దూకుడు ఉంటుంది మరి.

ఆమె వంగి, ఎవరికీ వినపడకుండా, "తాతగారూ, రాజు ఒక్క గడే జరుగుతాడండీ. పెద్దవారు, డ్రా అనుకుందాం" అని చెయ్యి చాపింది. నేనా చేతిని గెలిచినవాడిలా పైకెత్తాను.

నిన్న హోటల్లో మా బావ బోర్డు పరిచాడు. "ఊకె చెప్పుడేంది బావా, ఎట్లాడినవో సూపెట్టు."

ఎత్తులన్నీ వేసి చూపించాను. రాజు దూకే చోట చెయ్యి ఆగింది. ఎవరైనా తప్పు పడతారేమోనని చూసి, దూకించాను.

"అబ్బ, ఏం దుంకించినవ్ బావా!" అన్నాడు బావ. హోటల్లో వాళ్లంతా చప్పట్లు కొట్టారు.

నాకు తల ఎత్తబుద్ధి కాలేదు. "అది తప్పు ఎత్తు. ఆ పిల్ల జాలిపడి డ్రా ఇచ్చింది" అన్నాను.

"ఏ, ఊకో బావా. గా పిల్లకే మన ఆట తెల్వకపాయె" అని బావ నాకు ఇంకో చాయ్ చెప్పాడు.