హాజరు పట్టీలో పెన్సిలు పేరు

మా అక్క తొమ్మిదేళ్ళు ఉద్యోగం చేసింది గానీ ఆఫీసులో ఒక్క కప్పు కూడా ఉంచుకోలేదు. అంచున పెచ్చు లేచిన తెల్ల కప్పును పొద్దున సంచిలో పెట్టుకెళ్ళేది, సాయంత్రం ఇంటికి తెచ్చి కడిగేది. "అదేమన్నా వజ్రాల కిరీటమా, రోజూ మోస్తున్నావ్?" అని ఏడిపించేదాన్ని. నవ్వేది కాదు.

సర్వే ఆఫీసులో భూముల పటాలు గీయడం ఆమె పని. ప్రకటన వేసినప్పుడు డిప్లొమా చాలన్నారు. అక్క పరీక్ష రాసి నాలుగో స్థానంలో వచ్చింది. ఆ తర్వాత ఏ మహానుభావుడికి బుద్ధి పుట్టిందో, కంప్యూటర్ సర్టిఫికెట్ కూడా ఉండాలని నిబంధన మార్చారు. అక్కకు అది లేదు. జాబితాలో ఆమె వెనక ఉండి, ఆ సర్టిఫికెట్ ఉన్నవాళ్ళు కోర్టుకెక్కారు. వాళ్ళను తిట్టుకోవాలని చాలాసార్లు చూశాను, నోరు రాలేదు. వాళ్ళకూ ఉద్యోగం కావాలి కదా. చివరికి అక్కకు ఉద్యోగమైతే ఇచ్చారు, ఉత్తర్వు అడుగున 'కోర్టు తుది తీర్పుకు లోబడి' అని ఒక ముక్క తగిలించి.

ఆ ముక్కను హెడ్ క్లర్కు బాగా ఒంటబట్టించుకున్నాడు. ప్రతినెలా ఒకటో తారీఖున హాజరు పట్టీలో అందరి పేర్లూ సిరాతో రాసి, అక్క పేరు మాత్రం పెన్సిలుతో రాసేవాడు. "రేపు తీసేయాల్సొస్తే కొట్టివేతలుండవు కదమ్మా" అన్నాడట, ఎంతో మంచిగా. ఏ రోజు తీసేసినా తనది అక్కడేమీ మిగలకూడదని, కప్పు ఇంటికి రావడం ఆ రోజే మొదలైంది.

నాకు ఒళ్ళు మండేది. "గట్టిగా అడగవేం?" అంటే, "ఏమని అడగను?" అనేది. కేసు వాయిదా పడిందంటే "ఊఁ" అని అన్నం కలుపుకునేది. మధ్యలో ఆ దిక్కుమాలిన సర్టిఫికెట్ కూడా తెచ్చుకుంది. ఇప్పుడు తెచ్చింది లెక్కలోకి రాదని వకీలు చెబితే, దానికీ ఊఁ అంది.

మొన్న మంగళవారం తీర్పొచ్చింది. పరీక్ష పెట్టాక అర్హతలు మార్చడం చెల్లదట. నేను ఎగిరి గంతేసి ఫోన్ చేశాను.

"తెలిసిందిలే," అంది అక్క. "హెడ్ క్లర్కు నా పేరు సిరాతో దిద్దాడు. కప్పు ఇక్కడే పెట్టుకోమని అలమరలో చోటు చూపించాడు. పెట్టాను. పటం సగంలో ఉంది, ఉంటానే."

సాయంత్రం వచ్చి, చెప్పులు విడిచి, ఎప్పటిలాగే కుళాయి తిప్పి సంచిలో చెయ్యి పెట్టింది. వెతికింది. సంచి మొత్తం గచ్చు మీద బోర్లించింది. కుళాయి పోతూనే ఉంది.

"కప్పు లేదే," అంది. "నన్ను తీసేశారే."

"ఆఫీసులో పెట్టొచ్చావక్కా. నువ్వే చెప్పావుగా. గెలిచావు."

అక్క గచ్చు మీదే కూలబడి, తొమ్మిదేళ్ళలో మొదటిసారి, వెక్కి వెక్కి ఏడ్చింది. నేను కుళాయి కట్టేసి పక్కన కూర్చున్నాను.