రైటర్ గారి గుండ్రటి అక్షరాలు

మా పోలీస్ స్టేషన్లో కాగితాలు రాసే రైటర్‌కు, ఎస్సైగా వచ్చిన తన తోడల్లుడంటే కడుపుమంట. నన్నడిగితే అందులో న్యాయముంది. చిన్నల్లుడు జీపు దిగితే అత్తారింట్లో కుర్చీ తుడిచి వేస్తారు, పెద్దల్లుడు గుమ్మంలో నిలబడితే "మీరా!" అంటారు. రైటర్ ఇరవై రెండేళ్లుగా ముత్యాల్లాంటి అక్షరాలతో సోదా కాగితాలు రాస్తున్నా, తోడల్లుడు ఒక్కనాడూ బాగుందన్న పాపాన పోలేదు.

ఒకరోజు ఓ మెకానిక్ గదిలో మత్తుమందు ఉందని తెలిసి ఇద్దరూ వెళ్లారు. బయటి మనిషి సాక్షిగా నిలబడ్డాకే సోదా మొదలుపెట్టాలి. ఎస్సై ఆగలేదు, బీరువా తెరిచి పొట్లం తీసి బల్ల మీద పెట్టేశాడు. రైటర్ నోటిదాకా వచ్చిన మాటను మింగేశాడు. 'తన గొయ్యి తనే తవ్వుకుంటున్నాడు, నాకెందుకు?' అనుకున్నాడు. తర్వాత ఎదురింటి కుట్టుపని ఆవిణ్ణి పిలిపించి తీరిగ్గా కాగితం పరిచాడు. చేయి మాత్రం అలవాటు కొద్దీ 'సాక్షి కళ్లెదుటే సోదా చేశాం' అని రాసుకుపోయింది.

కోర్టులో ఆవిడ ఉన్నదున్నట్టు చెప్పింది. "నేనెళ్లేసరికే పొట్లం బల్ల మీదుందండీ."

తోడల్లుడి మొహం మాడిపోయింది. రైటర్‌కు కడుపు చల్లబడింది. కేసు కొట్టేస్తూ జడ్జిగారు కాగితం ఎత్తి చూపారు.

"ఈ అబద్ధం రాసిందెవరు?"

తోడల్లుడు క్షణం కూడా తడుముకోలేదు. "మా అన్నయ్యగారేనండీ. ఇంత చక్కటి చేతిరాత మా స్టేషన్లో ఇంకెవరికీ లేదు."