ఒర్హాన్‌కి తెలుగు గొంతు

ఒర్హాన్ సెల్విజ్ అనే టర్కీ నటుడు ఏడిస్తే తెలుగులో ఏడ్చేది మా కాలేబు. ఈ సంగతి తెలిసినవాళ్లు బహుశా ఒక కారులో పడతారు. సీరియల్ చివర పేర్లు పడకముందే సబ్బు ప్రకటన వచ్చేస్తుంది.

కాలేబుది నరసాపురం దగ్గర పల్లె. తండ్రి ఎలియాజరు గారు అక్కడి చర్చిలో ఉపదేశి. కొడుక్కి అక్షరాలు కూడబలుక్కోవడం రాగానే బల్లమీద నిలబెట్టి వాక్యం చదివించేవాడు. కరెంటు పోయి మైకు ఆగిపోయినా వెనక చాపల మీద కూర్చున్న ముసలమ్మలకి వినపడే గొంతు వాడిది. ఆ గొంతు పట్టుకుని వాడు కెనడా వచ్చింది సప్లై చైన్ మేనేజ్‌మెంట్ చదవడానికి. ఆ సంవత్సరాల్లో ఎవరు ఏ గొంతుతో పుట్టినా చదివింది ఆ కోర్సే.

స్కార్‌బరోలో ఒక ఇంటి బేస్‌మెంట్‌లో నలుగురం ఉండేవాళ్లం. ఎక్కడైనా దుకాణంలో ఉద్యోగాలున్నాయని తెలిస్తే క్యూ పార్కింగ్ లాట్ దాటి బస్టాపు దాకా వచ్చేది. మేం అందులో నిలబడి, వెనక్కి తిరిగి, మా తర్వాత ఇంకా ఎంతమంది ఉన్నారో చూసుకుని ధైర్యం తెచ్చుకునేవాళ్లం. మాకు కాలేజీ నేర్పిన దానికంటే ఈ క్యూ నేర్పింది ఎక్కువ. చివరికి కాలేబుకి ఒక వేర్‌హౌస్‌లో సాయంత్రం షిఫ్టు దొరికింది. అట్టపెట్టెలకి టేపు అంటించే పని. అక్కడ గొంతుతో అవసరం లేదు.

హైదరాబాదులో ఒక డబ్బింగ్ స్టూడియో వాళ్లు ఇంట్లోనే రికార్డు చేసి పంపగల గొంతుల కోసం వెతుకుతున్నారని వాడికి ఎవరో చెప్పారు. వాడు శాంపిల్ పంపాడు. స్టూడియోలో ఆ పని చూసే విశాలాక్షి గారు ఒక టర్కీ సీరియల్లో చిన్న చిన్న పాత్రలు ఇవ్వడం మొదలుపెట్టింది. పోలీసు, డాక్టరు, పెళ్లిలో పక్కింటాయన. మా గదిలో గోడకి కట్టిన క్లోజెట్ ఉంది. అందులో నలుగురి చలికోట్లూ వేలాడేవి. ఆ కోట్ల మధ్య దూరి తలుపు వేసుకుంటే శబ్దం గోడలకి తగిలి తిరిగి రాదని వాడు కనిపెట్టాడు. చిక్కల్లా పక్కనే ఉన్న, ఇల్లంతా వెచ్చబరిచే ఫర్నేస్‌తో. అది అంటుకుందంటే లారీ ఎత్తు ఎక్కుతున్న మోత. అది ఆగే దాకా వాడు కోట్లలో ముఖం పెట్టుకుని కూర్చునేవాడు.

ఇంకో చిక్కు వాడి గొంతులోనే ఉంది. మాటలు ఎక్కడ మొదలుపెట్టినా చివరికి ప్రసంగంలోకి వెళ్లిపోయేవి. ప్రతి వాక్యం చివరా ఒక సాగదీత, ఒక వణుకు. విశాలాక్షి గారి వాయిస్ మెసేజ్ ఒకటి మేం నలుగురం పడీ పడీ నవ్వుతూ విన్నాం.

"కాలేబూ, అక్కడ పోలీసు దొంగని పట్టుకుంటున్నాడమ్మా. బాప్తిస్మం ఇవ్వట్లేదు."

వాడూ నవ్వాడు. ఆ తర్వాత చాలాసేపు పొయ్యి ముందు నిలబడి, ఉడుకుతున్న అన్నం వైపు చూస్తూ, "నువ్వు దొంగవి" అని మెల్లగా, రకరకాలుగా అనుకున్నాడు.

ఆ సీరియల్లో హీరో ఒర్హాన్. అతని గురించి దొరికినదల్లా చదివి మాకు చెప్పేవాడు కాలేబు. నల్లసముద్రం ఒడ్డున పడవలు బాగుచేసేవాడి కొడుకట. చదువుకుంటానని తల్లికి చెప్పి ఇస్తాంబుల్ వచ్చి, కాలేజీ ముఖం చూడకుండా, ఫెర్రీలో టీ గ్లాసులు మోశాడట. నాటకశాల వెనక తలుపు దగ్గర నిలబడి ఖాళీ వేషాలు అడుక్కున్నాడట. మొదట్లో టీవీలో శవాల వేషాలే వేశాడు. ఊపిరి బిగపట్టడంలో మంచి పేరు తెచ్చుకున్నాడు. తర్వాత ఈ సీరియల్. అందులో ఒక సీను, ఇంటి గుమ్మం ముందు నిలబడి తల్లిని తలుపు తీయమని అడిగే సీను, దేశాలు దాటి పోయింది. అరబ్బులు ఏడ్చారు, మెక్సికోలో ఏడ్చారు. ఇప్పుడు మనవాళ్ల వంతు.

"వాడూ మనలాగే చదువని అబద్ధం చెప్పే వచ్చాడు చూడు" అనేవాడు కాలేబు, అదేదో మంచి శకునమైనట్టు.

గెలిచినవాడి అబద్ధం ఇంటర్వ్యూలో ముచ్చటగా ఉంటుంది. గెలవకపోతే అది అబద్ధంగానే మిగులుతుంది. నేను ఈ మాట పైకే అన్నాను. వాడు వినిపించుకోలేదు.

జనవరిలో, హీరోకి గొంతు ఇచ్చే అతను సినిమాల్లో అవకాశం వచ్చి వెళ్లిపోయాడు. విశాలాక్షి గారు ముగ్గురికి ఆ గుమ్మం సీనే పరీక్ష పెట్టింది. అందులో కాలేబు ఒకడు. "సోమవారం పొద్దున నేను స్టూడియోకి వచ్చేసరికి ఫైలు ఉండాలి. లేకపోతే మిగతా ఇద్దరిలో ఒకరికి ఇచ్చేస్తాను" అంది. అంటే మాకు ఆదివారం రాత్రి. సాయంత్రం వాడికి షిఫ్టు. పగలు మేం ముగ్గురం బయటికి వెళ్తే తప్ప ఇల్లు నిశ్శబ్దంగా ఉండదు. ఈ పరీక్ష సంగతి వాడు మాలో ఎవరికీ చెప్పలేదు. ఓడిపోతే నవ్వుతారని కాబోలు. తలనొప్పి, చర్చికి రాలేను అన్నాడంతే. మిగతా ఇద్దరూ పనికి వెళ్లారు.

తెలుగు ఫెలోషిప్ ఆరాధనకి నేను వెళ్లేది భోజనం కోసం. ఆ సంగతి అక్కడ అందరికీ తెలుసు, అయినా నా ప్లేటులో ముక్క తగ్గించేవాళ్లు కాదు. జ్ఞానసుందరి ఆంటీ వడ్డించేది. వృద్ధాశ్రమంలో వంటపని చేస్తుంది. ఆరాధనకి ఎవరైనా రాకపోతే ఆమె వదలదు. క్యారియర్‌లో అన్నం, నోట్లో ప్రార్థన పెట్టుకుని ఇంటికి వచ్చేస్తుంది.

"కాలేబేడి?"

"తలనొప్పంట ఆంటీ."

ఆమె గరిటె పక్కన పెట్టేసింది. అంతకు ముందు నెలే వేరే ఊళ్లో మన కుర్రాడొకడు రెండ్రోజులు గది తలుపు తీయలేదు. పోయాడు. గుండెపోటు అని చెప్పుకున్నారు. శవాన్ని ఇంటికి పంపడానికి ఫెలోషిప్‌లో కానుకల సంచీ రెండోసారి తిప్పారు. ఆ సంచీ పట్టుకుని తిరిగింది జ్ఞానసుందరి ఆంటీయే.

ఆమె, పదహారేళ్ల కూతురు హోప్, నేను కారులో బయల్దేరాం. పక్కవాకిలి మెట్లు దిగుతుంటే మంచు కరగడానికి చల్లిన ఉప్పు బూట్ల కింద కరకరమంది. లోపల్నుంచి గొంతు వినపడింది.

"అమ్మా. తలుపు తియ్యి. నేనేనమ్మా. చదువుకుంటున్నానని అబద్ధం చెప్పాను. ఇంక నా వల్ల కాదు. నువ్వు తియ్యకపోతే ఇక్కడే చచ్చిపోతా."

డబ్బింగ్ అన్న మాట నా నోటిదాకా వచ్చి ఆగిపోయింది. ఎందుకంటే ఆ గొంతులో ప్రసంగం లేదు. సాగదీత లేదు, వణుకు లేదు. కాలేబు డబ్బింగ్ ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఇది అది కాదు.

ఆంటీ క్యారియర్ పడేసి గది తలుపు మీద పడింది. లోపల గడియ.

"కాలేబూ! ఒరే నాయనా, ఏం చెయ్యకురా! నేను, ఆంటీని! తలుపు తియ్యి బాబూ!"

లోపల ఏదో కిందపడ్డ చప్పుడు. తర్వాత నిశ్శబ్దం. నేను భుజంతో తలుపుని గుద్దుతున్నాను. హోప్ అప్పటికే ఫోన్ చెవికి ఆనించుకుంది. గొంతులో తొణుకు లేదు.

"హి ఈజ్ లాక్డ్ ఇన్. హి ఈజ్ టాకింగ్ టు హిజ్ మామ్. నో. నో, షి ఈజ్ నాట్ హియర్."

అప్పుడు తలుపు తెరుచుకుంది. మెడలో హెడ్‌ఫోన్స్, చెమటకి తడిసిన బనీను, తలమీద ఎవరిదో కోటు టోపీ. కాలేబు మమ్మల్ని ముగ్గుర్నీ మార్చి మార్చి చూశాడు.

"డబ్బింగ్ ఆంటీ..."

ఆంటీ వాణ్ణి కావలించుకుని, వెంటనే వీపు మీద ఫెడీమని కొట్టింది. "వెధవా! ఆదివారం పూట డబ్బింగేంట్రా! ఆ చావు మాటలేంట్రా నోటంట!"

"మామ్, ఐ ఆల్రెడీ కాల్డ్ దెమ్" అంది హోప్.

పోలీసులు వచ్చారు. ఇద్దరు, అందులో ఒకావిడ. బూట్లకి మంచు. కాలేబు గడియారం వైపు చూస్తున్నాడు. షిఫ్టు బస్సు, హైదరాబాదు పొద్దు, రెండూ వాడి ముఖంలో కనిపిస్తున్నాయి. టర్కీ సీరియల్, తెలుగు మాటలు, క్లోజెట్, కోట్లు, అన్నీ ఇంగ్లీషులో వివరించాం. మగ పోలీసు క్లోజెట్‌లోకి తొంగిచూసి మైకుని చూసి నవ్వాపుకున్నాడు. ఆవిడ మాత్రం నవ్వలేదు. కాలేబు ఎదురుగా కూర్చుని, నీకు నువ్వు హాని చేసుకోవాలని అనిపిస్తోందా అని అడిగింది.

వాడు వెంటనే లేదనాల్సింది. అనలేదు.

"నాట్ టుడే" అన్నాడు.

నా మంచానికి వాడి మంచం జానెడు దూరం. ఆవిడ ఒక ఫోన్ నంబరు కాగితం మీద రాసి వాడి చేతిలో పెట్టి, వాడితో ఇంకాసేపు మెల్లగా మాట్లాడి, ఆ తర్వాతే లేచింది.

వాళ్లు వెళ్లాక కాలేబు రికార్డింగ్ పెట్టి విన్నాడు. "చచ్చిపోతా" తర్వాత దబదబమని తలుపు, ఆంటీ అరుపు. పనికిరాదు. మళ్లీ చెప్పాలి. వాడు క్లోజెట్‌లో దూరి తలుపు లాక్కోబోయాడు.

ఆంటీ చెయ్యి అడ్డంపెట్టింది. "తలుపు వేసుకోవు నువ్వు."

"శబ్దం వస్తుంది ఆంటీ."

"రానీ."

"ఈ ఒక్కసారికి..."

"ఇవాళే కాదు, ఎప్పుడూ వేసుకోవు. ఇవాళ కాదని పోలీసావిడకి చెప్పావుగా, నాకూ వినపడింది."

నేను వెళ్లి ఫర్నేస్ స్విచ్ ఆపేశాను. కాసేపటికే చలి కాళ్లలోంచి ఎక్కడం మొదలైంది. ఆంటీ కుర్చీలో, హోప్ నా మంచం మీద, నేను గుమ్మంలో. అందరం కోట్లు విప్పకుండా ఆరాధనలో కూర్చున్నట్టే కూర్చున్నాం. కాలేబు మా వైపు చూసి మొదలుపెట్టాడు.

"అమ్మా... తలుపు తియ్యి..."

ఆ సాగదీత వచ్చేసింది. ఎదురుగా మనుషులు కూర్చుంటే వాడికి అది దానంతట అదే వస్తుంది. మళ్లీ అన్నాడు. మళ్లీ అదే. బస్సు టైము దగ్గరపడుతోంది. వాడి పెదాలు పాలిపోయాయి.

"ఇది కాదురా" అంది ఆంటీ. "ఇందాక అన్నట్టు అను."

"ఇందాక ఎవరూ లేరు ఆంటీ."

ఆమె లేచింది. కుర్చీని గోడ వైపు తిప్పి, మాకు వీపు పెట్టి కూర్చుంది. "ఇప్పుడూ ఎవరూ లేరు. అను."

హోప్ కూడా అటు తిరిగింది. నేను నా బూట్లు చూసుకుంటూ నిలబడ్డాను.

వాడు అన్నాడు. ఎవరినీ ఒప్పించడానికి అన్నట్టు లేదు. అడిగి అడిగి అలిసిపోయినవాడు ఆఖరుసారి అడిగినట్టు ఉంది. "ఇంక నా వల్ల కాదు" దగ్గర గోడ వైపున్న కుర్చీలోంచి ముక్కు ఎగబీల్చిన చప్పుడు వచ్చింది. మళ్లీ చెప్పే టైము లేదు. ఫైలు పంపేసి, పైనున్న కోటు లాక్కుని, అన్నం తినకుండా బస్సు కోసం పరుగెత్తాడు. అది నా కోటు.

మర్నాడు విశాలాక్షి గారి మెసేజ్ వచ్చింది. కాలేబు దాన్ని విననివ్వకుండా చాలాసేపు ఫోన్‌ని అరచేతిలో మూసి పట్టుకున్నాడు.

"వెనక ఎవరమ్మా ఏడుస్తున్నది? ఒరిజినల్‌లో ఎవరూ లేరే. ఆ ఒక్క ముక్క మళ్లీ చెప్పి పంపు. గొంతు మాత్రం ఇదే ఉంచు, పోగొట్టుకోకు. మిగతా ఎపిసోడ్లు పంపుతున్నాను."

ఈమధ్య ఒర్హాన్ సెల్విజ్ ఎక్కడో అవార్డు తీసుకుంటూ, తన పాత్ర ఎన్నో భాషల్లో మాట్లాడుతున్నందుకు గర్వంగా ఉందన్నాడు. భాషలు వాటంతట అవే మాట్లాడవు. వెనక ఎవడో కోట్ల మధ్య కూర్చోవాలి. కాలేబు ఆ వీడియో మూడుసార్లు చూశాడు, నాలా చిరాకుపడలేదు. ఇప్పటికీ సాయంత్రాలు పెట్టెలకి టేపు అంటిస్తున్నాడు. ఇక్కడ ఉండడానికి ఇచ్చిన వాడి పర్మిట్ సంగతి ఏమవుతుందో ఎవరికీ తెలియదు, మా అందరి సంగతీ అంతే. పోలీసావిడ ఇచ్చిన కాగితం క్లోజెట్ లోపలివైపు మైకు పక్కన అంటించి ఉంది.

రికార్డింగ్ మొదలుపెట్టే ముందు వాడు ఆంటీకి ఫోన్ చేయాలి. అది ఆమె పెట్టిన షరతు.

"తలుపు తీసే ఉందా?"

"తీసే ఉంది ఆంటీ."

అప్పుడు నేను లేచి ఫర్నేస్ ఆపుతాను.