డబ్బు పక్కన రాసిన మాట

హార్లన్ ప్రూయిట్‌కి గర్వపడటానికి బతుకులో ఒకటే ఉండేది. కూతురి ఖర్చు ఏ శుక్రవారమూ ఎగ్గొట్టలేదు.

మా లైన్లో అలాంటివాళ్లు తక్కువ. కారు వెనక తగిలించి లాక్కెళ్లే చక్రాల ఇళ్లు చేసే ఫ్యాక్టరీ మాది. అమెరికాలో ఈ ఇండియానా రాష్ట్రం ఉత్తరాన ఈ పని కాక మరో పని చేసే మగవాడు కనిపిస్తే పాస్టరో పోలీసో అయ్యుంటాడు. తెల్లారకముందే లైను కదులుతుంది. ఎన్ని ఇళ్లు బయటికి వెళితే అంత కూలి. మధ్యాహ్నానికి ఒంట్లో ఏమీ మిగలదు, ఇంటికెళ్లి పెళ్లాంతో మాట్లాడే ఓపిక అసలే మిగలదు. అందుకే మాలో సగం మందికి విడాకులయ్యాయి. అయినవాళ్లలో చాలామందికి బిడ్డ ఖర్చుని జీతంలోంచే కోసి ప్రభుత్వానికి పంపేస్తుంది ఆఫీసు. వాళ్లకి మేం పెట్టిన పేరు కోతగాళ్లు. "ఏరా, ఈ వారం కాఫీ డబ్బులన్నా మిగిల్చారా, చొక్కా కూడా ఊడబీకారా?" అని జీతం రోజున పలకరించేవాళ్లం. మనకంటే కింద ఒకడున్నాడని తెలిస్తే కూలివాడికి కలిగే సంతోషం ఇంకెవరికీ కలగదు.

హార్లన్ కోతగాడు కాదు. విడాకుల రోజున అతనూ, పెళ్లాం డార్లా జడ్జి ముందు ఒప్పుకుని రాయించుకున్నారు. డబ్బు ఫోన్లో నేరుగా పంపుతాడు, మధ్యలో ఎవరూ ఉండరు. "నా బిడ్డకి నా చేత్తో ఇచ్చుకుంటాను. నా జేబులో చెయ్యి పెట్టడానికి గ్లెండా ఎవరు?" అనేవాడు. గ్లెండా అంటే మా జీతాల గదిలో ఉండే పెద్దావిడ.

ఈ పంతం వెనక అతని తండ్రి ఉన్నాడు. ఆయన అదే ఊళ్లో ఉంటూ, కొత్త ట్రక్కులు మారుస్తూ, కొడుక్కి ఒక్క డాలరు ఇవ్వలేదు. తల్లి హార్లన్ చెయ్యి పట్టుకుని కోర్టు మెట్లెక్కించి బిడ్డ ఖర్చులు ఇచ్చే కిటికీ ముందు నిలబెట్టేది. "ఈసారన్నా ఏమైనా వచ్చిందా అమ్మా?" అని లోపలి గుమస్తాని అడిగేది. కిటికీ అవతలి మనిషి తలెత్తకుండానే లేదనేది. వెనక వరుసలో నిలబడ్డవాళ్లు వినేవాళ్లు. హార్లన్ పెద్దయ్యాక, మా నాన్నలాంటివాణ్ని కాను అన్న ఒక్క మాట మీద ఇల్లు కట్టుకుని అందులో కాపురమున్నాడు. అలాంటి ఇంట్లో అహంకారానికి చాలా చోటు ఉంటుంది.

అతను డబ్బు పంపే యాప్‌లో అంకె వెయ్యగానే పక్కన ఒక గడి వస్తుంది. ఎందుకు పంపుతున్నావో రాయాలి. ఖాళీగా వదిలితే డబ్బు కదలదు. రాసింది పరిచయస్తులందరికీ కనిపిస్తుంది, డబ్బెంతో మాత్రం కనిపించదు. జనం అందులో పిజ్జా బొమ్మో బీరు సీసా బొమ్మో పెట్టి ఊరుకుంటారు. హార్లన్ మొదట్లో "బ్రిన్లీకి" అని కూతురి పేరే రాసేవాడు. తర్వాత ఒకసారి డార్లా మీద కోపంలో, "డార్లా గోళ్ల రంగుకి. మిగిలితే పిల్లకి" అని రాశాడు. లైన్లో వాళ్లు చూసి పడి పడి నవ్వారు.

మాలో నవ్వించినవాడికి ఉన్న గౌరవం పని బాగా చేసేవాడికి లేదు. హార్లన్‌కి రుచి తగిలింది. ఫ్రీమన్ అని, అల్మారాలు బిగించే ఆమిష్ మనిషి ఉన్నాడు. వాళ్ల మతం ప్రకారం బగ్గీ తోలుకుంటారు తప్ప ఇలాంటి ఫోన్లు ముట్టరు. "నాకెలా తెలుస్తుందయ్యా మీ నవ్వు? పైకి చదువు" అన్నాడతను. అప్పటినుంచి ప్రతి శుక్రవారం పొద్దున తొమ్మిదింటి విరామంలో హార్లన్ తలకిందులు చేసిన రంగు డబ్బా మీద కూర్చుని, ఆ వారం రాసింది చదివి వినిపించేవాడు.

"'నేను చూడని సినిమాకి టికెట్టు డబ్బులు.'"

"ఇంకోటి, ఇంకోటి!"

"'వారానికి రెండు పూటలు అద్దెకి దొరికే నాన్న తరఫున.'"

ఒకసారి డార్లా ఫోన్ చేసింది. "హార్లన్, నువ్వు రాసే చెత్త మా అమ్మ కూడా చూస్తోంది."

"చూడనీ. ఆ మొహం మీద నవ్వు పుడితే ఊరంతా పండగ చేసుకుంటుంది."

"పిల్ల పెద్దదవుతోంది, ఒళ్లు దగ్గర పెట్టుకో," అని పెట్టేసింది. ఆ మాట కూడా మర్నాడు మాకు చెప్పి నవ్వించాడు.

బ్రిన్లీ ఎత్తుపళ్లకి క్లిప్పులు వేయించాలని డాక్టరు చెప్పినప్పుడు, సగం ఖర్చు హార్లన్ మీద పడింది. అతను మారు మాట్లాడలేదు. శనివారం పొద్దుటిపూట కూడా పనికొచ్చాడు. చలికాలం గడ్డకట్టిన చెరువు మీద చేపలు పట్టే సామాను మొత్తం అమ్మేశాడు, మంచుకి కన్నం పెట్టే మరతో సహా. డబ్బంతా ఒకేసారి డార్లాకి పంపాడు. ఏ తండ్రి చేస్తాడు ఇంత పని? కాని గడిలో ఏం రాశాడో చూడండి. "గుర్రం పళ్ల రిపేరుకి. ఈ డబ్బుతో గుర్రమే వచ్చేది."

అది విని ఫ్రీమన్ కళ్లు తుడుచుకుంటూ నవ్వాడు. "మేం గుర్రాన్ని కొనేముందు నోరు తెరిచి చూస్తాం హార్లన్. నువ్వు చూడకుండా తెచ్చుకున్నావు!"

"అంటగట్టింది వాళ్లమ్మ, ఏం చెయ్యను!" అన్నాడు హార్లన్. లైను మళ్లీ కదిలేదాకా నవ్వులే.

ఆ ఎండాకాలం బ్రిన్లీకి పదమూడు నిండాయి. పక్కింటి పిల్లల్ని ఆడించి కాసిని డాలర్లు సంపాదించడం మొదలుపెట్టింది. ఆ డబ్బు పడటానికి డార్లా తన ఖాతా కింద అదే యాప్‌లో పిల్లల ఖాతా తెరిచింది. తెరవగానే పరిచయస్తుల వరసలో నాన్న పేరు వచ్చి ఉంటుంది. పేరు నొక్కితే ఏళ్ల తరబడి రాసినవన్నీ కిందికి కిందికి వస్తాయి. ఏ పిల్లైనా నొక్కుతుంది.

తర్వాతి శనివారం అతను ఆమెని ఎప్పటిలాగే తిండికి తీసుకెళ్లాడు. బన్ను కంటే రెండింతలుండే వేయించిన పంది మాంసం శాండ్‌విచ్ ఆ పిల్లకి ఇష్టం. చుట్టూ వేలాడే అంచులు ముందు తిని, బన్ను దాకా వచ్చేసరికి కడుపు నిండిందనేది. ఆ రోజు ముట్టలేదు. మాట్లాడినప్పుడల్లా చొక్కా చేతిని నోటికి అడ్డం పెట్టుకుంది.

"క్లిప్పులు నొప్పా బంగారం?"

"లేదు."

"మరి?"

"ఏం లేదు నాన్నా. ఇంటికెళ్దాం."

పిల్లకి ఆ వయసని సరిపెట్టుకున్నాడు.

శుక్రవారం విరామంలో అతని ఫోను మోగింది. డబ్బు పంపినప్పుడు కాదు, వచ్చినప్పుడు మోగే మోత. అందరం తలెత్తాం. హార్లన్‌కి డబ్బు రావడం మేమెప్పుడూ చూడలేదు.

"డార్లా జవాబిచ్చిందేమిటోయ్?" అన్నాడు ఫ్రీమన్. "చదువు, చదువు."

హార్లన్ నవ్వుతూ ఫోను దూరంగా పట్టుకుని, అలవాటైన గొంతుతో పైకి చదివాడు. "'గుర్రం పళ్లకి. మొదటి వాయిదా.'"

అందరం గొల్లున నవ్వాం. ఫ్రీమన్ తొడ చరుచుకున్నాడు. "అబ్బో! డార్లా కూడా నేర్చిందే!"

హార్లన్ నవ్వలేదు. ఫోను దగ్గరికి తెచ్చుకుని పైన ఉన్న పేరు చూశాడు.

"డార్లా కాదు," అన్నాడు.

"మరెవరు?"

"బ్రిన్లీ."

ఒకరిద్దరికి నవ్వు ఆగడానికి ఇంకాస్త సేపు పట్టింది. తర్వాత ఎవరి కాఫీ వాళ్లు చూసుకున్నారు. ఫ్రీమన్ టోపీ తీసి, లోపల ఏదో పడ్డట్టు చూసి, మళ్లీ పెట్టుకున్నాడు. హార్లన్ మెడ కిందినుంచి చెవులదాకా ఎర్రబడింది. తన కూతురి మాటని కూడా తనే చదివి మమ్మల్ని నవ్వించాడు, అదే చివరిసారి.

వచ్చింది పన్నెండు డాలర్లు. వెంటనే తిప్పి పంపాడు. గడిలో ఏం రాయాలో తెలియక వేళ్లు ఆగిపోయాయి. చివరికి "వద్దు తల్లీ" అని రాశాడు. లైను ఆగేలోగా ఆ పన్నెండూ మళ్లీ వచ్చాయి. మళ్లీ పంపాడు. మళ్లీ వచ్చాయి. ఈసారి గడిలో ఒక్క చుక్క ఉంది.

ట్రక్కులో కూర్చుని పాతవి చెరపబోయాడు. ఆ యాప్‌లో రాసింది చెరగదు. ఇతరులకి కనబడకుండా దాచొచ్చు, అంతే. ఒక్కొక్కటీ దాస్తూ పోయాడు. దాచాలంటే ముందు ఒక్కొక్కటీ చదవాలి. పార్కింగ్ స్థలం ఖాళీ అయినా అతని బండి కదల్లేదు.

డార్లాకి ఫోన్ చేశాడు. "నువ్వే చూపించావా దానికి?"

"నేనా? దాచుకుంటూ వచ్చాను ఇన్నేళ్లూ! మీ నాన్న ఒక్కవారం తప్పకుండా పంపుతాడే అని చెప్పేదాన్ని దానికి. ఆ మాటే నమ్మింది. ఎంత మంచివాడో చూద్దామని నీ పేరు నొక్కింది."

హార్లన్ ఫోను పెట్టేసి బండి తీశాడు.

మర్నాడు బ్రిన్లీ ట్రక్కెక్కింది గాని బెల్టు పెట్టుకోలేదు. అతనే మొదలుపెట్టాడు.

"అవి మీ అమ్మ మీద రాసినవి. నీ మీద కాదు."

"పళ్లు నావి నాన్నా."

"తప్పే. సరదాకి రాశాను."

"మీ ఫ్యాక్టరీలో అవి చదివేవాళ్లా?"

అబద్ధం చెప్పొచ్చు. ఎవరూ చూడలేదనొచ్చు. ఆ పిల్ల అతని మొహంలోకి చూస్తోంది, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకునే.

"నేనే చదివేవాణ్ని. పైకి."

"నవ్వేవాళ్లా?"

"ఆఁ."

తలుపు తీసుకుని దిగి, వెనక్కి చూడకుండా ఇంట్లోకి వెళ్లిపోయింది. అతను ఇంజను ఆపకుండా చాలాసేపు ఉండి, డార్లా కిటికీ తెర కదిలాక వెళ్లిపోయాడు.

సోమవారం విరామంలో జీతాల గది తలుపు కొట్టాడు. ఆ తలుపుకి పెద్ద అద్దం. కాఫీ దగ్గర నిలబడ్డ ప్రతివాడికీ లోపల ఎవరున్నారో కనిపిస్తుంది.

"నాకు కూడా కొయ్యండి గ్లెండా గారూ."

"ఏం కొయ్యాలి బాబూ?"

"బిడ్డ ఖర్చు. జీతంలోంచే. ప్రభుత్వానికి పంపేయండి, వాళ్లే డార్లా కార్డులో వేస్తారు."

గ్లెండా కళ్లద్దాలు నుదుటి మీదికి తోసుకుంది. "కొయ్యొద్దని ఏడ్చినవాళ్లని చూశాను. కొయ్యమని వచ్చినవాణ్ని నిన్నే చూస్తున్నా. బాకీ పడ్డావా?"

"లేదు."

"మరెందుకయ్యా ఈ తలనొప్పి?"

"అందులో ఏమన్నా రాసే గడి ఉంటుందా?"

"నీ నంబరు, కేసు నంబరు. ఇంకేం ఉండదు."

"అదే కావాలి."

"నేనై నేను కొయ్యలేను. కోర్టునుంచి ఉత్తర్వు తెచ్చుకో," అంది.

చిన్నప్పుడు తల్లి పక్కన నిలబడ్డ కిటికీ దగ్గరే వరుసలో నిలబడి తెచ్చుకున్నాడు. మొదటి కోత పడిన శుక్రవారం, సంగతి తెలియని కొత్తవాడొకడు, "ఏం హార్లన్, నిన్నూ పట్టుకున్నారా?" అని అరిచాడు. హార్లన్ అవునని తలూపాడు. ఎందుకో చెబితే పరువు దక్కేదే. చెప్పలేదు.

డార్లాకి డబ్బు సరిగానే చేరుతోంది. బ్రిన్లీ మాత్రం శనివారాలు బయటికి రావడం లేదు. రెండు వారాలకోసారి పన్నెండు డాలర్లు వస్తాయి. హార్లన్ తిప్పి పంపుతాడు. సాయంత్రానికి మళ్లీ వస్తాయి. చివరికి డార్లాయే ఫోన్ చేసింది.

"మళ్లీ వెనక్కి పంపావట."

"పిల్ల డబ్బు నేనెలా తీసుకోను డార్లా? మనిషినేనా నేను?"

"తీసుకో. పళ్లకి నువ్వు పెట్టిన బాకీ మొత్తం తీర్చాకే నీ బండెక్కుతానంటోంది. నువ్వు తిప్పి పంపినకొద్దీ ఆ రోజు ఇంకా వెనక్కి పోతుంది."

"ఈ లెక్కన తీరేసరికి దానికి సొంతంగా కారు నడిపే వయసొస్తుంది."

"నాకూ తెలుసు. చెప్పి చూశాను. మూతి బిగించుకుని కూర్చుంది, అచ్చం నీలాగే." గొంతు తగ్గించి, "నీ సిగ్గు పోగొట్టుకోవడానికి దాని పంతం మీద కొట్టకు హార్లన్. ఆ పిల్లకి ఇప్పుడు అదొక్కటే ఉంది," అంది.

తర్వాతి శుక్రవారం విరామంలో ఫోను మోగింది. ఎవరూ తలెత్తలేదు. ఫ్రీమన్ తన డబ్బాలోంచి ఇంట్లో చేసిన యాపిల్ పై ముక్క ఒకటి తీసి, హార్లన్ పక్కన పెట్టి వెళ్లాడు. హార్లన్ తెరిచి చూశాడు. గడిలో చుక్క. తిప్పి పంపే గుర్తు మీద వేలు పెట్టాడు, చాలాసేపు అలాగే ఉంచాడు, తీసేశాడు.

పన్నెండు డాలర్లు అతని ఖాతాలో ఉండిపోయాయి. మొదటి వాయిదా ముట్టింది.