అమ్మ వేషంలో పిన్ని

మొన్న ఆదివారం లండన్ నుంచి పిన్ని కూతురు నా ఫోనుకి ఒక వీడియో ముక్క పంపింది. బర్మాలో మా పేట పబేడాన్‌లో కరెంటు ఉండే గంటలకీ నెట్టు పనిచేసే గంటలకీ పొత్తు కుదరదు కాబట్టి, అది పూర్తిగా దిగేసరికి పొయ్యి మీద పప్పు అడుగంటింది. ఎప్పటిదో ఇంగ్లీషు టీవీ సీరియల్. ఆసుపత్రి వరండాలో నేల తుడుస్తున్న ఒక సన్నటి మనిషి డాక్టరుతో ఒక్క మాట అని పక్కకి తప్పుకుంటుంది. ఆ మనిషి మా పిన్ని, అమ్మ సొంత చెల్లెలు. నవ్వుకుంటూ చూడాల్సిన ముక్కే. కానీ ఆమె చెయ్యెత్తి చెంప తుడుచుకోగానే ఫోను బోర్లా పెట్టేశాను. ఎందుకంటే, పోయినేడు వానలకి ముందు ఒక పొద్దున మా ఇంట్లో జరిగింది చెప్పాలి.

మా ముత్తాత శ్రీకాకుళం వైపు నుంచి ఇక్కడి రేవులో మూటలు మోయడానికి ఓడెక్కి వచ్చినవాడు. ఆ ఇంట్లో పుట్టిన పిన్ని నర్సు పని నేర్చుకోవడానికి లండన్ వెళ్ళింది. అక్కడ ఆసుపత్రి వాళ్ళు సరదాకి వేసిన నాటకంలో ఆమెని చూసి, టీవీ ఆయనెవరో మన రంగు మొహాలు కావాలని పిలిచాడట. అంతే, ముప్పై ఏళ్ళు నటించింది. కొట్టువాడి పెళ్ళాం, పక్కింటావిడ, గుండెజబ్బు మనిషి, రెండుసార్లు శవం. ఒక సీరియల్లో మాత్రం రెండేళ్ళ పాటు నాయనమ్మ. తర్వాత రాసేవాళ్ళకి విసుగొచ్చిందో ఏమో, మెట్ల మీంచి పడేసి చంపేశారు. పిన్ని క్యాసెట్లు పంపితే వీధి వీధంతా మా ఇంట్లో చేరేది. ఎవరైనా తుమ్మారంటే ఆ తుమ్ములో పిన్ని వచ్చి వెళ్ళిపోయేది. అమ్మ మాత్రం కళ్ళొత్తుకునేది. "ఏటక్కా, నన్ను సంపీసినా ఏడుస్తావు, బతికించినా ఏడుస్తావు" అని పిన్ని ఫోనులో నవ్వేది. అంత నటించినా కెమెరా ముందుకి వెళ్ళేముందు ప్రతిసారీ వాంతి అయ్యేదట. ఆ సంగతి అమ్మకి తప్ప ఎవరికీ చెప్పలేదు. అమ్మ నాకు చెప్పేసింది.

అమ్మ పోయింది. సంవత్సరీకానికి పిన్ని వచ్చింది. ఆమెది విదేశీ పాస్‌పోర్టు. ఇప్పటి సైనిక ప్రభుత్వపు రూలు ప్రకారం అలాంటివాళ్ళు హోటల్లోనే పడుకోవాలి, ఇళ్ళల్లో ఉండకూడదు. హోటల్లో గది తీసుకుంది, పెట్టె అక్కడే పెట్టింది, మనిషి మాత్రం మూడు రోజులుగా మా ఇంట్లోనే, అమ్మ బర్మా లుంగీలే కట్టుకుని, అమ్మ చాప మీదే పడుకుంటోంది. వద్దని చెప్పే ధైర్యం నాకు లేకపోయింది. దొరికితే ఇంటి యజమానిని తీసుకుపోతారు. యజమాని అంటే డెబ్బై ఎనిమిదేళ్ళ మా నాన్న. ఎక్కడికి, ఎన్నాళ్ళకి అని అడగడానికి ఎవరికీ నోరు రాని రోజులు.

సంవత్సరీకానికి ముందు రోజు పొద్దున పదకొండు గంటలకి గారెల కోసం పప్పు రుబ్బుతున్నాను. వీధిలోకి వేలాడే తాడు ఎవరో లాగారు, బాల్కనీలో గంట మోగింది. తొంగి చూశాను. వార్డు అధికారిగా కొత్తగా వచ్చిన పెద్దమనిషి, ఇంటింటి మనుషుల లిస్టు పుస్తకం పట్టుకున్న గుమాస్తా, తుపాకులతో ఇద్దరు. నా చేతుల నిండా పిండి. "తాళంచెవి దింపు. ఆలస్యం చేస్తే అనుమానం" అన్నారు నాన్న. కింది ఇనప తలుపు తాళంచెవి తాడుకి కట్టి దింపాను. నాలుగంతస్తుల మెట్లు, అంతే వ్యవధి. మా ఇల్లు రైలుపెట్టెలా ఒకటే పొడుగు గది, వెనక దారి లేదు, దాక్కోవడానికి బీరువా కూడా లేదు.

"లిస్టులో అక్క పేరు ఇంకా ఉందన్నావు కదే?" అంది పిన్ని.

ఉంది. "ఏడాది తిరక్కుండా పేరు కొట్టించేస్తే ఏటి మర్యాద?" అని నాన్న మొండికేశారు, అమ్మ గుర్తింపు కార్డు కూడా తిరిగి ఇవ్వలేదు. లిస్టులో ముగ్గురు, ఇంట్లో ముగ్గురం.

"కార్డు తే."

ఇచ్చాను. అక్కచెల్లెళ్ళ మొహాలు ఒకటే. కానీ మా కార్డుల మీద మనిషి ఆనవాలు కూడా రాస్తారు. అమ్మకి రాసింది, ఎడమ చెంప మీద పుట్టుమచ్చ. పిన్ని అమ్మ అద్దం ముందు కూర్చుని, లండన్‌లో తెల్లబడిన మొహానికి ఇక్కడి ఆడవాళ్ళు పూసుకునే తనకా గంధం మెత్తి, కాటుక వేలితో చెంప మీద చుక్క పెట్టింది. "ఒకటే డైలాగు చాలునే, ఎక్కువ పలికించకండి నాచేత" అంది. నలభై ఏళ్ళుగా బర్మా మాట మాట్లాడని మనిషి మరి.

వచ్చారు. చెప్పులు విప్పి కూర్చున్నారు కూడా, అంత మర్యాదస్తులు. ఆ మర్యాదే నన్ను ఎక్కువ భయపెట్టింది. పేర్లు చదివారు. నాన్న, నేను. తర్వాత అమ్మ పేరు. "షిబా" అంది పిన్ని, ఉన్నానండీ అని, అచ్చం అమ్మ గొంతుతో. పెద్దమనిషి కార్డు చూశాడు, మచ్చ చూశాడు, మళ్ళీ కార్డు చూశాడు. కరెంటు లేదు, ఫ్యాను తిరగడం లేదు. పిన్ని కణత నుంచి చెమట దిగడం నాకు కనిపిస్తోంది.

"ఈవిడ మీ భార్యేనా?" అని నాన్నని అడిగాడు.

నాన్నకి అబద్ధం రాదు. చిన్నప్పుడు నాకు జ్వరమని బడికి చీటీ రాయమంటే, లేదని రాసి పంపిన మనిషి. ఆయన పిన్ని వైపు చూస్తూ ఉండిపోయారు. ఇక అయిపోయిందనుకున్నాను. అదే సమయానికి పిన్ని అలవాటు కొద్దీ చెయ్యెత్తి చెంప తుడుచుకుంది. చుక్క కాస్తా గీత అయింది. తనకే తెలిసి, అరచెయ్యి అక్కడే అదిమిపెట్టి, "అమ్మో" అని మూలిగింది. అమ్మ పంటినొప్పి మూలుగు. ఆఖరి రోజుల్లో ఇల్లంతా, ఫోనులో పిన్నీ విన్న మూలుగు. తుపాకుల సంగతి ఒక్క క్షణం మరిచిపోయాను.

"లవంగం ఎట్టుకోమంటే ఇనవు! ఎన్నిసార్లు సెప్పాల నీకు?" అని నాన్న కసిరారు. తర్వాత పెద్దమనిషి వైపు తిరిగి, అవును నా భార్యే, చెప్పిన మాట వినదు అన్నారు బర్మా భాషలో. అతను నవ్వి, మా ఇంట్లోనూ ఇదే గొడవ అన్నాడు. గుమాస్తా టిక్కు పెట్టుకున్నాడు. వెళ్ళిపోయారు.

కింద ఇనప తలుపు పడిన చప్పుడు విన్నాకే గొళ్ళెం వేశాను. పిన్ని పరుగున వెళ్ళి తొట్టి దగ్గర వాంతి చేసుకుంది. తర్వాత సబ్బుతో మొహం బరబరా రుద్దుకుంది. తువ్వాలు తీసి తిరిగేసరికి నాన్న గుమ్మంలో నిలబడి ఉన్నారు. ఆమె చెంప వంక చూశారు.

"అప్పుడే కడిగీసుకున్నావేటి?" అన్నారు.

పిన్ని "బావా" అని, తువ్వాల్లో మొహం దాచుకుంది. ఆయన వెళ్ళి కుర్చీలో కూర్చున్నారు. నేను రుబ్బురోలు దగ్గరికి వెళ్ళాను, మర్నాటి సంవత్సరీకానికి పిండి కావాలి కదా. పది నిమిషాల పాటు వెనక్కి వెళ్ళిన కాలం మా ఇంట్లో మళ్ళీ ముందుకి కదలడానికి చాలా రోజులు పట్టింది.